బావ గెలిచిన మూడు బేరాలు

మా వీధిలో ఎవరు ఏం కొనాలన్నా మా బావని వెంటబెట్టుకుని వెళ్ళేవాళ్ళు. ఫ్రిజ్ కానీ, మంచం కానీ, పాత స్కూటర్ కానీ, ముందు బావ షాపు దగ్గరికొచ్చి "బావగారూ, ఓ గంట వస్తారా?" అని అడిగేవాళ్ళు. నాకైతే ఆయన నిజంగానే బావ, మా అక్క మొగుడు. వీధికి మాత్రం అది బిరుదు. బేరాల బావగారు. ఆ పిలుపు వినబడితే చాలు, చేతిలో పని ఎక్కడిదక్కడ వదిలేసి చెప్పులేసుకునేవాడు.

ఆయన వృత్తి కాలిపోయిన మోటార్లకి వైండింగ్ కట్టడం. మాడిపోయిన రాగితీగంతా లాగి పారేసి, కొత్త తీగ చుట్టి, వార్నిష్ పోసి ఆరబెట్టేవాడు. ఆయన కట్టిన మోటారు మళ్ళీ వెనక్కి రావడం అరుదు. అయినా ఆ పని గురించి ఆయన గొప్ప చెప్పుకోగా నేను వినలేదు. గొప్పలన్నీ బేరాల గురించే.

ఆయన బేరానికి ఒక పద్ధతుంది. ధర చెప్పగానే నవ్వేవాడు. తర్వాత ఏమీ మాట్లాడకుండా ఆ వస్తువు వైపు జాలిగా చూసేవాడు. అప్పటికీ అవతలివాడు దిగి రాకపోతే లేచి బయటికి నడిచేవాడు. గుమ్మం దాటేలోపు వెనక్కి పిలవని షాపువాడిని నేను చూడలేదు. నా పెళ్ళికి కొన్న బీరువా తలుపు మీద చిన్న గీత ఉందని చెప్పి బోలెడు తగ్గించాడు. ఆ గీత బావే తాళంచెవితో గీశాడని నా అనుమానం. అడిగితే "ఛ, ఛ, ఏం మాటలే మరదలా!" అని ముసిముసిగా నవ్వేవాడు.

అంతటి మనిషి ఇల్లు కొన్నాడు. రెండు గదులు, వంటిల్లు, ముందు ఇరుకు వరండా. అప్పు ఇద్దరి పేరా తీసుకున్నారు కానీ, బ్యాంకు చూసింది అక్క జీతం కాగితమే. బావ షాపు సంపాదనకి లెక్కా పత్రం లేదు. అక్కా నేనూ ఒకే బట్టల ఫ్యాక్టరీ. నేను చెకింగ్ టేబుల్ దగ్గర, అక్క కాలర్లు కుట్టే లైన్‌లో. నెలాఖరున అక్క జీతం బ్యాంకులో పడేది, ముందు ఈఎంఐ కోసుకునేవాళ్ళు, మిగిలింది ఇంటికొచ్చేది. ఫోన్ నంబరు మాత్రం బావది ఇచ్చారు. "బ్యాంకువాళ్ళతో మాట్లాడ్డం నీ వల్ల కాదోయ్. మెత్తని మనిషివి, ఏం చెప్పినా తలూపేస్తావ్" అన్నాడు బావ. అక్క దానికీ తలూపింది.

అప్పు తీసుకున్న రోజున కూడా బావ బ్యాంకులో బేరమాడాడు. ఫైలు ఖర్చులు తగ్గించమన్నాడు, తగ్గించారు. ఈఎంఐ తగ్గించమన్నాడు, గడువు ఇరవై ఏళ్ళకి పెంచి తగ్గించారు. ఇప్పుడు తలుచుకుంటే ఒళ్ళు మండుతుంది. బీరువాకైతే మొత్తం ఎంత అని అడిగిన మనిషి, ఇంటికి మాత్రం నెలకెంత అని అడిగి ఊరుకున్నాడు.

కొన్నేళ్ళకి బ్యాంకు నుంచి ఫోనొచ్చింది. వడ్డీ రేటు పెరిగింది, ఈఎంఐ పెంచమంటారా, ఉన్నదే ఉంచమంటారా అని. బావ గట్టిగా కుదరదన్నాడు. వాళ్ళు సరేనన్నారు. ఆ కథ వీధిలో వినని చెవి లేదు. మరికొన్నేళ్ళకి రెండోసారి వచ్చినప్పుడు నేనక్కడే ఉన్నాను. మధ్యాహ్నం భోజనాలవుతున్నాయి. నేను వినాలని బావ కావాలనే స్పీకర్ పెట్టాడు.

"సార్, రేటు మళ్ళీ పెరిగింది. ఈఎంఐ ఉన్నదే ఉంచితే గడువు..." అంటోంది ఒక అమ్మాయి.

"ఒక్క పైసా పెంచినా ఒప్పుకోను తల్లీ! మీ బ్యాంకు కాకపోతే బోలెడు బ్యాంకులున్నాయి."

"సరే సార్. ఉన్నదే ఉంచుతాం."

బావ ఫోన్ కింద పెట్టి, మీసం మీద చెయ్యి వేసుకుని మా వైపు చూశాడు. అక్క మురిసిపోయి ఇంకో గరిటె కూర వేసింది. ఆ అమ్మాయి సగంలో మింగేసిన మాట ఎవరికీ పట్టలేదు. మూడో ఫోన్‌కైతే బావకి పెద్ద కష్టం కూడా కలగలేదు. "నేనని తెలియగానే వాళ్ళే దిగొచ్చేశారు" అని చెప్పుకున్నాడు. బ్యాంకుని మూడుసార్లు ఓడించిన మనిషని వీధిలో ఆయన పరపతి ఇంకా పెరిగింది. అప్పులున్న వాళ్ళంతా సలహాకి వచ్చేవాళ్ళు. అందరికీ ఒకటే మందు. "పెంచనివ్వకండి. గట్టిగా నిలబడండి."

ఈలోపు అక్క మెడ వంగిపోయింది. రోజంతా కాలర్ మొనలు తిప్పి కుట్టీ కుట్టీ కుడి మణికట్టు వాచి ఉండేది. పొద్దున్నే వేళ్ళు ముడవడానికి రాక వేడినీళ్ళలో పెట్టుకునేది. డాక్టరు పని మానెయ్యమన్నాడు. "ఇల్లు మనదయ్యాక మానేస్తాను డాక్టరుగారూ" అనేది అక్క. ఏళ్ళ తరబడి ఇదే మాట. ఆ ఇరవయ్యో ఏడు నిండే నెల రానే వచ్చింది. ఆ నెలాఖరు జీతంతో ఆఖరి ఈఎంఐ కట్టేసి, అదే రోజు తనూ మానేస్తానని అక్క రాజీనామా రాసిచ్చింది. మా ఫ్యాక్టరీలో అలా నెల ముందే చెప్పాలి. ఆ నెలలో ఎప్పుడు మనసు మారినా కాగితం వెనక్కి తీసేసుకోవచ్చు. ఆఖరి సాయంత్రం లెక్క తేల్చుకున్నాక తిరిగొస్తే మాత్రం, ఎంత పాత మనిషైనా కొత్తగా చేరినట్టే.

అక్క కాగితం ఇచ్చిన వారంలోనే బావ బ్యాంకుకి వెళ్ళాడు. అక్కడ జరిగింది చాలా తర్వాత, నేను నిలదీస్తే, తల వంచుకుని ఆయనే చెప్పాడు.

ఇస్త్రీ చొక్కా వేసుకుని మరీ వెళ్ళాడట. "ఈ నెలతో మా లోన్ అయిపోతుందమ్మా. ఇంటి కాగితాలెప్పుడిస్తారు?" అని అడిగాడు. ఆఫీసరమ్మ కంప్యూటర్ చూసింది. "మీకింకా పదేళ్ళుందండీ" అంది.

బావ నవ్వాడు. అలవాటు కదా. ఆవిడ నవ్వలేదు. తర్వాత ఆవిడ వైపు జాలిగా చూశాడు. ఆవిడ కంప్యూటర్ తెరను ఆయన వైపు తిప్పింది. "సరే, పదేళ్ళంటే మరీ అన్యాయం. నాలుగేళ్ళకి తేల్చండి" అన్నాడు. "అలా కుదరదండీ" అంది. బావ లేచాడు. మెల్లగా తలుపు దాకా నడిచాడు. ఎవరూ వెనక్కి పిలవలేదు. సెక్యూరిటీ అతను బయటికి వెళ్తున్నాడనుకుని మర్యాదగా తలుపు తీసి పట్టుకున్నాడు. ఆ తెరిచిన తలుపు దగ్గర అలా నిలబడిపోయి, జీవితంలో మొదటిసారి, పిలవకుండానే వెనక్కొచ్చి కూర్చున్నాడు.

ఆఫీసరమ్మ మంచిదే. ఓపిగ్గా చెప్పింది. "మీరు కట్టే ప్రతి ఈఎంఐలో ముందు ఆ నెల వడ్డీ తీసుకుంటాం. మిగిలిందే అసల్లోంచి తగ్గుతుంది. మొదట్లో అప్పు పెద్దది కాబట్టి దాదాపు అంతా వడ్డీకే పోతుంది. సరిగ్గా అప్పుడే రేటు పెరిగింది, మీరు ఈఎంఐ పెంచొద్దన్నారు. దాంతో అసలు తగ్గడం ఆగిపోయినంత పనైంది. గడువు సాగింది."

"ఇప్పటిదాకా ఎంత కట్టాం?"

"తీసుకున్నదానికి రెట్టింపు."

"బాకీ?"

"తీసుకున్నదాంట్లో మూడింట రెండొంతులు ఇంకా ఉంది. ఇలాగే వెళ్తే అంతా అయ్యేసరికి మూడు రెట్లు కట్టినట్టవుతుంది."

"నేను ఒప్పుకుని ఉంటే? పెంచమని ఉంటే?"

ఆవిడ లెక్కవేసి, నెలకి ఎంత ఎక్కువ కట్టాల్సి వచ్చేదో చెప్పింది. ఒక మోటారు కట్టిన కూలి. బావ నెలకి పాతిక మోటార్లు కట్టేవాడు. ఇరవయ్యారోది కట్టి ఉంటే, ఆ నెలతో ఇల్లు నిజంగానే వాళ్ళదయ్యేది. "మాకెవరూ చెప్పలేదమ్మా" అనబోయాడట. ఆవిడ మూడు ఫోన్ల తేదీలూ చదివి వినిపించింది.

ఆ రోజే ఇంటికొచ్చి అక్కకి చెప్పేస్తే సరిపోయేది. అక్క ఏడ్చేది, తిట్టేది, మర్నాడు పొద్దున్నే వెళ్ళి రాజీనామా కాగితం వెనక్కి తీసుకునేది. అంతే. కానీ ఓడిపోయిన బేరం గురించి నోరు విప్పి చెప్పడం మా బావ ఎన్నడూ చెయ్యని పని. సిగ్గు. అంతకు మించి ఏమీ లేదు. దొంగతనం కాదు, మోసం కాదు, ఉత్తి సిగ్గు. రేపు చెబుదాం అనుకున్నాడు. ఎక్కడైనా చేబదులు దొరుకుతుందేమో చూసి చెబుదాం అనుకున్నాడు. ఎవరిస్తారు అంత? ఒకరోజు చెప్పేద్దామని ఫ్యాక్టరీ గేటు దాకా వచ్చాడట కూడా. అక్క తోటివాళ్ళతో నవ్వుతూ బయటికి రావడం చూసి, గోడ పక్కకి తప్పుకుని వెళ్ళిపోయాడు. అక్క అంత గట్టిగా నవ్వి ఎన్నాళ్ళయిందో తనకే గుర్తు లేదట.

నాకు అనుమానం రాకపోలేదు. అక్క ఇంటికి కొత్త కర్టెన్లు కొందామని ముగ్గురం వెళ్ళాం. షాపువాడు ధర చెప్పాడు. బావ జేబులోంచి డబ్బు తీసి ఇచ్చేశాడు! షాపువాడే బిత్తరపోయాడు, ఆయన్ని ఎరిగినవాడు కదా. "ఒంట్లో బాగుందా బావా?" అన్నాను. "ఆఁ, బాగానే ఉంది" అని నీళ్ళు నమిలాడు. వయసు మీద పడుతోంది, పోనీలే అనుకున్నాను.

ఆఖరి రోజు సాయంత్రం లైన్‌వాళ్ళంతా కలిసి అక్కకి గోడ గడియారం ఇచ్చారు. అక్క ఆఫీసులో సంతకం పెట్టి, లెక్క తేల్చుకుని, తన స్టూలు మీద వేసుకునే మెత్త కొత్తగా వచ్చినమ్మాయికి ఇచ్చేసి వచ్చేసింది. మర్నాడు ఆదివారం, ఇంట్లో భోజనాలు. లైన్‌లో వాళ్ళూ, వాళ్ళ మొగుళ్ళూ, వీధిలో నలుగురూ వచ్చారు. వరండాలో కొందరు, గదిలో కొందరు కూర్చున్నారు. అక్క మణికట్టుకి కట్టు కట్టుకునే అందరికీ వడ్డిస్తోంది. ముఖం వెలిగిపోతోంది. బావ మాత్రం మంచినీళ్ళ జగ్గు పట్టుకుని, ఎవరి కళ్ళలోకీ చూడకుండా తిరుగుతున్నాడు.

మా ఫ్యాక్టరీ కటింగ్ మాస్టరు బావకి వీరాభిమాని. ఏడాది కిందట తనూ ఇల్లు కొన్నాడు. అన్నం కలుపుకుంటూ అందరికీ వినబడేలా అన్నాడు: "బావగారూ, మొన్న నాకూ వచ్చింది బ్యాంకు ఫోను. వడ్డీ పెరిగిందట, ఈఎంఐ పెంచుతారట. మీరు చెప్పినట్టే గట్టిగా నిలబడ్డాను. దెబ్బకి దిగొచ్చారు!"

అందరూ నవ్వారు. బావ జగ్గు కింద పెట్టాడు.

"పెంచమని చెప్పు" అన్నాడు.

"ఏంటండీ?"

"రేపు పొద్దున్నే బ్యాంకుకెళ్ళి పెంచమని చెప్పు. వాళ్ళు అడిగినదానికన్నా ఎక్కువే కడతానని చెప్పు. నా మాట వినకు. నా మాట విని చెడిపోకు. మాకింకా పదేళ్ళుంది. రెట్టింపు కట్టాం, అయినా పదేళ్ళుంది. పెంచొద్దన్నానుగా. నేను వద్దన్నప్పుడల్లా వాళ్ళు ఏళ్ళు కలిపారు."

మాస్టరు చెయ్యి కంచంలో అలాగే ఉండిపోయింది. గది గుమ్మంలో గరిటె పట్టుకుని నిలబడి ఉంది అక్క. ఆమెకి వెంటనే అర్థం కాలేదనుకుంటాను. ఇల్లంతా ఒకసారి కలియజూసింది. కొత్త కర్టెన్లు చూసింది.

"మీకెప్పుడు తెలిసింది?" అంది.

బావ కింద పెట్టిన జగ్గుని పక్కకి జరిపాడు.

"ఎప్పుడు తెలిసిందండీ?"

"నెల మొదట్లో."

అక్క గరిటె గిన్నెలో పెట్టింది. "నిన్న సాయంత్రం దాకా టైముంది నాకు" అంది. అరవలేదు. అరిచి ఉంటేనే బాగుండేది. "ఆ బ్యాంకువాళ్ళెవరో, మన ముఖమైనా తెలీదు. వాళ్ళు మూడుసార్లు ఫోన్ చేసి అడిగారు. మీరు రోజూ నా పక్కన కూర్చుని అన్నం తిన్నారు. ఒక్కసారి చెప్పలేకపోయారా?"

బావకి తల కొట్టేసినట్టయింది. అందరి మధ్యా, చేతులు రెండూ వేలాడేసుకుని నిలబడ్డాడు. నాకు ఆయన మీద కోపం నషాళానికంటింది, అదే సమయంలో ఆయన వైపు చూడలేక నా కంచంలోకి చూస్తూ కూర్చున్నాను. జనం గబగబా తినేసి, అక్కతో ఏదో ఒకటి గొణిగి వెళ్ళిపోయారు. కటింగ్ మాస్టరు చెప్పులు కూడా సరిగ్గా తొడుక్కోకుండా పరుగెత్తాడు.

సోమవారం అక్కని నేనే మేనేజర్ దగ్గరికి తీసుకెళ్ళాను. బావ పిలవకుండానే మా వెనక వచ్చాడు. మేనేజర్ కుర్రాడేమీ కఠినుడు కాదు, అక్కంటే గౌరవం ఉన్నవాడే. "మొన్న శనివారం మధ్యాహ్నం చెప్పినా చింపేసేవాణ్ణమ్మా ఆ కాగితం" అన్నాడు. "ఇప్పుడు లెక్కలు హెడ్డాఫీసుకి వెళ్ళిపోయాయి. కొత్తగా చేర్చుకుంటాను. కొత్తవాళ్ళ జీతమే ఇవ్వగలను. కాలర్ లైన్ ఖాళీ లేదు, గుండీల దగ్గర వెయ్యాలి."

జీతం ఎంతో చెప్పాడు. అలవాటు కొద్దీ మేమిద్దరం బావ వైపు చూశాం. మాకే తెలియకుండా చూశాం. బావ నేల చూపులు చూస్తూ ఉండిపోయాడు.

"సరే బాబూ. రేపట్నుంచి వస్తాను" అంది అక్క.

ఫ్యాక్టరీ లెక్క తేల్చి ఇచ్చిన డబ్బు మొత్తం అప్పులో కట్టేశారు. గడువు కొంచెం తగ్గింది, కొంచెమే. కిందటి వారమే బావ షాపుకి ఎవరో వచ్చి, సోఫా కొనాలి వస్తారా అని అడిగితే, "నాకు బేరాలు రావండీ" అన్నాడట. ఆ మాట నాకు చెప్పినతను జోకనుకుని నవ్వాడు. బావ ఇప్పుడు నెలకి ముప్ఫై మోటార్లు కడుతున్నాడు. ఇంటికొచ్చాక అక్క మాట్లాడితే మాట్లాడతాడు, లేకపోతే లేదు. అక్క ఎక్కువగా మాట్లాడదు.

మా దగ్గర కొత్తగా చేరినవాళ్ళు ఆర్నెల్లు పసుపు ఏప్రాన్ వేసుకోవాలి, సూపర్‌వైజర్లు దూరం నుంచే గుర్తుపట్టడానికి. పద్దెనిమిదేళ్ళ పిల్లల మధ్య అక్క ఆ పసుపు ఏప్రాన్‌తో కూర్చుని గుండీలు కుడుతోంది. మధ్యాహ్నం ఇళ్ళ నుంచి వచ్చే క్యారియర్లని గేటు దగ్గర రెండు బల్లల మీద పెడతారు, పాతవాళ్ళవి ఒకచోట, కొత్తవాళ్ళవి ఒకచోట. బావ ఇప్పుడు తనే వండి, తనే తీసుకొస్తున్నాడు. మొదటిరోజు నా క్యారియర్ కోసం నేను గేటు దగ్గరికి వెళ్ళేసరికి ఆయన అక్కడే ఉన్నాడు. వాచ్‌మన్ ఈ మధ్యే వచ్చినవాడు, ఎవరెవరో తెలీదు.

"ఎవరికండీ?" అని అడిగాడు.

"మా ఆవిడకి."

"పాతావిడా, కొత్తావిడా?"

బావ క్యారియర్ పిడి మీద పట్టు బిగించాడు. వెనక ఇంకో నలుగురు వరుసలో ఉన్నారు. వాచ్‌మన్ విసుగ్గా మళ్ళీ అడిగాడు.

"కొత్త" అన్నాడు బావ, ఎవరికీ వినబడనంత మెల్లగా. వాచ్‌మన్‌కి వినబడలేదు. ఇంకోసారి, గట్టిగా చెప్పాల్సి వచ్చింది.